ఏడు తీగలు పీకిన సంగతి

మా వీధికి నెట్ తీగ లాగిన కేబులాయన పోయిన మంగళవారం చనిపోయాడు. గుండెనొప్పి అన్నారు. ఆ మాట మా కోడలు చెప్పినప్పుడు నాకు మొదట దుఃఖం రాలేదు. నేను చేసిన పని సంగతి ఎవరికైనా చెప్పి పోయాడా అని అనుమానం వచ్చింది. నాది ఐదో తరగతితో ఆగిన చదువు, రాయడం అలవాటు లేదు. అయినా ఇది నేనే చెప్పాలి.

గిద్దలూరులో ఉండే మా చెల్లెలికి పుట్టుకతో మాట రాదు, వినపడదు. చేతులతో మాట్లాడుకుంటాం. మామూలు ఫోను మాకు పనికిరాదు, బొమ్మ కనపడాలి. అందుకే నెట్ పెట్టించాను. కొన్నాళ్లు బాగుంది. తర్వాత వీధిలో ఒక్కో ఇల్లే చేరి ఎనిమిదిళ్లయ్యాయి. అప్పటినుంచి ఫోను బొమ్మలో మా చెల్లెలి చెయ్యి సగం సైగలో ఆగిపోయేది. ఆకలంటుందో, నొప్పి అంటుందో తెలిసేది కాదు.

మా గోడ పక్క స్తంభానికి ఆయన ఒక నల్ల డబ్బా బిగించాడు. స్ప్లిట్టర్ అనేవాడు. అర్ధవీడు ఆఫీసు నుంచి ఒక తీగ లోపలికి పోతుంది, ఎనిమిది బయటికి వస్తాయి. కరెంటు లేదు, బ్యాటరీ లేదు.

"ఒకటి పోయి ఎనిమిదెట్ల వస్తాయయ్యా?" అని అడిగాను.

"తీగ లోపల వెంట్రుకంత గాజు ఉంటది మామా. దాంట్లో పోయేది వెలుతురు. డబ్బాలో గాజు రెండుగా చీలతది, రెండు నాలుగైతది, నాలుగు ఎనిమిది. వెలుతురూ అట్లనే పంచుకుంటది. దానికి కరెంటెందుకు?"

"అంటే నాకు ఎనిమిదో వంతే."

"నీ ఇంట్లో పెట్టెకి కనపడేంత ఉంటే చాలు గదా."

నవ్వుతూ చెప్పాడు. నవ్వుతూ చెప్పేవాళ్లను నేను తొందరగా నమ్మను. మా బొమ్మలు పక్కిళ్లకు పోతాయేమోనని ఇంకో అనుమానం. అదీ అడిగాను.

"ఆఫీసు నుంచి వచ్చేది ఎనిమిదిళ్లకూ పోతది, అబద్ధం చెప్పను. ఎవురిది వాళ్ల పెట్టే విప్పుకుంటది, మిగతాదానికి తాళం ఉంటది. మీరు పంపేదానికి మాత్రం వంతులు. ఒకరి తర్వాత ఒకరు."

వంతులనేసరికి నాకు ఖాయమైంది. నేను పెరిగింది బావి నీళ్ల వంతుల్లో. కాలవకు నీళ్లు మళ్లించే మడవలు ఎక్కువైతే చివరి చేను ఎండుతుంది. పక్క మడవలకు మట్టి అడ్డం వేస్తే నీళ్లు మన చేలోకి తిరుగుతాయి. వెలుతురూ అంతే అనుకున్నాను. ఒక మధ్యాహ్నం అందరూ చేలల్లో ఉన్నప్పుడు గోడెక్కి, డబ్బా తెరిచి, నాది వదిలి ఏడు తీగలు పీకాను. దిగి చెల్లెలికి ఫోన్ చేశాను. బొమ్మ ఎప్పటిలాగే ఆగింది.

సాయంత్రానికి స్తంభం కింద జనం. పక్కింటి పిల్ల ఏడుస్తోంది. కాలేజీ సీటుకు ఆన్‌లైన్‌లో పేరు పెట్టుకోవడానికి ఆ రోజే ఆఖరు. కేబులాయన తన ఫోన్ ఆ పిల్ల చేతిలో పెట్టి నిచ్చెనెక్కాడు. డబ్బా తెరిచాడు. గోడ మీద నా మట్టి పాదాల గుర్తులు చూశాడు. తర్వాత నన్ను చూశాడు.

"కోతులు," అన్నాడు.

"ఏడు పీకి ఒకటి వదిలిందా నీ కోతి?" అంది పిల్ల తల్లి.

"దానికీ అలుపొస్తది గదక్కా."

అందరూ నవ్వారు. నేను నవ్వలేదు.

తీగలన్నీ కలిపాక మా ఇంటికొచ్చి మీటరు పెట్టి చూశాడు. కిటికీ దగ్గర వేలాడే తీగను ఆ మధ్య నేనే మేకుకు బిగించి చుట్టాను, గొర్రెను కట్టేసినట్టు. అది మెల్లగా విప్పాడు.

"ఇట్ల మడిస్తే వెలుతురు మలుపులో కారిపోతది మామా. ఆ ఏడు మూసినా నీ వాటా పెరగదు. వాళ్ల వెలుతురు వాళ్ల తీగ మూతి కాడనే ఆరిపోతది, నీకు రాదు."

అంతే. మీటరు సర్దుకుని వెళ్లిపోయాడు. ఆ పూట మా చెల్లెలి చెయ్యి ఆగకుండా కదిలింది. తిన్నావా అని అడిగింది.

నేను ఆయనకు మంచిమాట ఒకటి చెప్పి ఉండాల్సింది. చెప్పలేదు. ఎందుకు దాచాడా అని ఆలోచించాను. ఎప్పుడో వచ్చి పొట్టేలు అడుగుతాడని, కాదంటే బయటపెడతాడని కాచుకున్నాను. ఆయన బండి వీధిలోకొస్తే దొడ్లోకి పోయేవాణ్ని. నాలుగేళ్లు అట్లా గడిచాయి. ఆయన ఏమీ అడగలేదు.

ఆయన పోయిన మూడోనాడు అర్ధవీడులో వాళ్లింటికి పోయాను. మా వీధి ఏడిళ్ల వాళ్లూ వచ్చి కూర్చున్నారు. వాళ్ల ముఖాలు ఒక్కొక్కటే చూశాను. నా సంగతి తెలిసిన జాడ ఏమీ దొరకలేదు. చివరికి ఆయన భార్య దగ్గరికే పోయి అడిగాను.

"అమ్మా, నా గురించి ఎప్పుడన్నా ఏమన్నా చెప్పినాడా?"

ఆమె నన్ను తేరిపార చూసింది. "నువ్వెవురు పెదనాయనా? ఏ ఊరు?"

అంటే ఆయన ఇంట్లో కూడా చెప్పలేదు. ఆయన నోట రాకుండా పోయింది కాబట్టి నేను రాస్తున్నాను. ఆ ఏడిళ్ల వాళ్లు చదువుతారు. పీకింది నేనే.

తీగల పనోణ్నని ఆమె అనుకుందేమో, లోపలికి పోయి ఒక నీళ్ల సీసా తెచ్చింది. నీళ్లు లేవు. సగం దాకా సన్నటి గాజు తునకలు.

"పని కాడ తెగినవి. నేలన పడితే పిల్లోళ్ల కాళ్లల్లో, గొర్రెల గిట్టల్లో దిగుతాయని ఏరుకొచ్చేవాడు. ఏడ పారేసేదో నాకు చెప్పలేదు. నీకు తెలుసా?"

నాకూ తెలియదు. ఆమె సీసాను ఎండకు ఎత్తి పట్టుకుంది. లోపల తునకల కొసలు ఒక్కొక్కటే వెలిగాయి.