గోడ మీద తేట

నా రెండు కళ్ళ మీద ఒట్టు, ఇందులో ప్రతి మాటా నిజం.

ఆళ్లగడ్డలో ఒక శిల్పి తేదీలు చూసేవాడు కాదు. పొద్దున్నే తన మనసు చూసుకుని, నెమ్మదిగా ఉంటే ‘తేట’ అనీ, నిలవకపోతే ‘గాలి’ అనీ గోడ మీద బొగ్గుతో రాసేవాడు. విగ్రహానికి కళ్ళు చెక్కేది తేట రోజునే.

నంద్యాల నుంచి, కళ్ళు మాత్రమే మిగిలిన మా విగ్రహం కోసం నేను వెళ్తే, ఆ రోజు ‘గాలి’. ఆయన కాళ్ళు కడుక్కోవడానికి వెళ్ళగానే, తొందరకు కొంత, కొంటెతనానికి కొంత, చెరిపి ‘తేట’ అని రాశాను.

తిరిగొచ్చి గోడ చూశాడు. “ఏందప్పా, మనసు గాలిగా ఉన్నట్టుండాదే!”

“నువ్వు రాసిందే కదన్నా!”

“అవున్లే, గోడ యాడ అబద్ధం చెప్తాది?”

కళ్ళు చెక్కబోతే ఉలి జారి విగ్రహం కన్ను పగిలింది.

“గోడ సరిగ్గానే చెప్పినాది, నా చెయ్యే మోసం చేసినాదప్పా,” అన్నాడు. తర్వాత మరే విగ్రహానికీ కళ్ళు చెక్కలేదు. నేను నిజం చెప్పి కాళ్ళ మీద పడితే నవ్వి క్షమించాడు.

నిజం చెప్పానన్న ఆ వాక్యం ఒక్కటే నేను కల్పించింది.