చెల్లి పత్తి, నా పేరు

రాయి బిడ్డా, నేను చెప్పింది చెప్పినట్టే రాయి. మధ్యలో ఫోను చూడకు.

ఊళ్లో చేను పట్టా ఇప్పటికీ నా పేరు మీదే ఉంది కదా. నేనూ మీ తాతా చేసినన్నాళ్లు ఆ చేనులో పత్తిని గులాబీ పురుగు తినేది. పురుగు వదిలేస్తే వాన తినేది. విసిగిపోయి హైదరాబాదులో ఈ నాచారం వచ్చేశాం, మీ నాన్న కంపెనీలో చేరాడు. అదే చేనును నా చెల్లెలు కౌలుకు పట్టింది. మాకు పండనిది దానికి పండింది! ఊరి నుంచి దవాఖానా పని మీద వచ్చినవాళ్లు కూడా మన గుమ్మంలో నిలబడి, మీ చెల్లె చేను చూడాలమ్మా, తెల్లగా విరగకాసింది అని చెప్పిపోయేవాళ్లు. వాళ్లకు చాయ్ పోస్తూనే లోపల ఉడికిపోయేదాన్ని.

పోయినేడు జిన్నింగ్ మిల్లులో సర్కారు ధరకు పత్తి అమ్మాలంటే ముందుగా ఫోనులో స్లాట్ తీసుకోవాలన్నారు. కౌలు కాగితం ఉంటే కౌలుదారు కూడా అమ్ముకోవచ్చట. మాది నోటిమాట కౌలు. అందుకని ఊళ్లో చెల్లెలు స్లాట్ నొక్కిస్తే, ఓటీపీ ఇక్కడ నా ఫోనుకు వచ్చింది. వెంటనే దాని ఫోను.

"అక్కా, నంబర్ వచ్చిందా? జల్ది జెప్పే, టైమైపోతది!"

"ఆగవే, కండ్లద్దాలు దొరకనియ్యి."

"నీ అద్దాలు దొరికేసరికి మిల్లు బందయితది!"

చెప్పాను. స్లాట్ నా పేరు మీద వచ్చింది. స్లాట్‌లో పేరున్న మనిషి లేకపోతే కాంటా పెట్టరట, నువ్వే రావాలంది. అక్కడ కొనకపోతే ఆ పత్తి ఊరి వ్యాపారికే పోవాలి. విత్తనాలూ మందులూ ఉద్దెర ఇచ్చినవాడు అతనే, ధర కూడా అతను చెప్పిందే. దాని ఏడాది కష్టమంతా ఒక ట్రాక్టర్ ట్రాలీలో ఉంది.

పోయాను. ఎందుకు పోను? ఆ పత్తి అంత గొప్పదా అని నా కళ్లతో చూడాలిగా. ఉప్పల్ రింగురోడ్డులో ఆడవాళ్లందరినీ తోసుకుని బస్సెక్కాను.

జిన్నింగ్ మిల్లు ముందు ట్రాక్టర్లు వరసగా నిలబడి ఉన్నాయి. చెల్లెలి ట్రాలీలో మోచేతి దాకా చెయ్యి పెట్టాను. పచ్చబారిన దూదో, ఎండుటాకు ముక్కో ఒక్కటి దొరికినా నాకు చల్లగా ఉండేది. దొరకలేదు.

"ఏం దేవులాడుతున్నవే అక్కా?"

"ఏం లేదు, జర తడిగున్నదేమోనని."

"తడి లేదు గిడి లేదు. నీ దిష్టి తగలకుంటే సాలు!"

మా వంతు వచ్చింది. ఆఫీసరు తేమ మిషన్ పట్టుకుని వచ్చాడు. "పత్తి ఎవరిదమ్మా?"

చెల్లెలు నోరు తెరిచింది. అది తనదంటే పత్తి వాపస్. "నాదే సారూ" అన్నాను. అది నోరు మూసుకుని ట్రాలీ చక్రం పక్కకు జరిగింది. ఆయన మిషన్ కడ్డీని పత్తిలో గుచ్చాడు. తేమ పన్నెండు దాటితే తీసుకోరు. చెల్లెలు కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"ఎనిమిదే ఉన్నది. మస్తు పత్తి! ఎట్ల ఆరబెట్టినవమ్మా?"

నాకేం తెలుసు? నాచారంలో బట్టలు ఆరేసేదాన్ని. చెల్లెలి వైపు చూశాను.

"గమ్మునుంటవేందే అక్కా!" చక్రం పక్క నుంచి నన్నే కసిరింది. "మంచు ఇగిరినంకనే ఏరిపిచ్చినవు. పాత చీరెల మీద పలసగ ఆరబోసినవు. సార్‌కు జెప్పరాదు!"

అదే మాట తిరిగి అప్పజెప్పాను. "శభాష్! అందరు నీ లెక్క జేస్తే మాకు లొల్లే ఉండదు" అని, పత్తి కుప్ప పక్కన నిలబెట్టి నా ఫొటో తీశాడు. చుట్టూ రైతులంతా నన్నే చూస్తున్నారు. ఇన్నేళ్లు ఆ చేనులో వంగిన నా నడుముకు ఎవరూ అనని శభాష్, వేరేదాని పత్తికి వచ్చింది. తియ్యగా లేదు బిడ్డా.

కాంటా అయింది, పత్తి తీసుకున్నారు. డబ్బు నా ఖాతాలో పడగానే దానికి పంపించాను, ఆ విషయంలో నాకు పేచీ లేదు. ఆ రోజు మిల్లు నుంచి బస్సు దాకా నాతో వచ్చి, చెల్లెలు నా చెయ్యి వదలదే!

"నువ్వు రాకుంటే ఆగమైదునే అక్కా. ఫొటోల మస్తున్నవు, అసలు రైతు లెక్కనే!"

ఎకసెక్కమేమోనని దాని మొహంలోకి చూశాను. కాదు. తన పత్తికి నన్ను మెచ్చుకున్నారన్న బాధ దానికి ఇసుమంత కూడా లేదు. అదే పనిగా నవ్వుతోంది. నేను దాని చోట ఉంటే నెలరోజులు తిండి సయించేది కాదు. కుళ్లుకోవడం కూడా నా ఒక్కదానికేనా? ఉప్పల్ వచ్చేదాకా అదే మంట.

ఈసారి పత్తి ఏరే రోజులకు ఊరికి పోతానని మీ నాన్నతో చెప్పాను. ఈ వయసులో ఏరడానికా అని నవ్వాడు. ఏరడానికి కాదు. ఆ చీరలు ఎలా పరుస్తుందో, ఎంత పలచగా పోస్తుందో పక్కన కూర్చుని చూడాలి. అందులో ఒక్క తప్పయినా పట్టుకోవాలి.

నువ్వెందుకు నవ్వుతున్నావు? రాయి.