బియ్యం కుండలో అరవై నాలుగు

నవ్వకుండా వింటామంటేనే చెప్తాను. మొన్న శుక్రవారం మధ్యాహ్నం లెక్కల పాఠం చెబుదామని పీట మీద కూర్చున్నదాన్ని, సాయంత్రం నాలుగున్నరకల్లా అమ్మోరినైపోయి లేచేను. అబద్ధమనుకుంటే ఈ బర్మాలో, మా పజుండౌంగ్ వీధిలో ఎవర్నైనా అడగండి. దండం పెట్టి మరీ చెప్తారు.

ముందు మా ఆడపడుచు పార్వతి సంగతి చెప్పాలి. మా ఆయనకి చెల్లెలు, మాతోనే ఉంటుంది. పబేడాన్‌లో ఒకాయన కొట్లో కూర్చుని జాకెట్లు కుడుతుంది. పనితనం బంగారం, మిషను మాత్రం పరాయిది. సూది విరిగినా ఆయన నోరు పడాల్సిందే. అందుకని సొంతంగా ఒక మోటారు మిషను కొనుక్కోవాలని మూడేళ్ళుగా బిస్కెట్ల డబ్బాలో దాస్తోంది. గురువారం నాటికి డబ్బా నిండింది. మూత పడ్డం లేదు! నేను కూడా సంబరపడ్డాను. ఆ రాత్రే దానికి కలొచ్చింది.

"వొదినా, కల్లో రెండు పడవలు, ఏడు కొంగలు! ఇరవై ఏడు! డబ్బా మొత్తం టూడీలో ఎట్టీస్తాను. ఎనబై రెట్లు! మిషనేటి, ఆ కొట్టే కొనీస్తాను."

టూడీ తెలియనివాళ్ళ కోసం ఒక ముక్క. పక్క దేశం షేర్ మార్కెట్ అంకెల తోక పట్టుకుని, రోజుకి రెండు మాట్లు, మధ్యాహ్నం ఒకటి, నాలుగున్నరకొకటి, రెండంకెలు తీస్తారు. నీ అంకె వస్తే దళారీ ఎనభై రెట్లు ఇస్తాడు. రాకపోతే నీ డబ్బు వాడిది. ఇక్కడ కుక్క మొరిగినా అంకె, పిల్లి దాటినా అంకె. పిచ్చివాడు ఏదైనా గొణిగితే నలుగురు వెనకాల నడిచి రాసుకుంటారు.

నేను ఊరుకుంటానా? బడికి వెళ్ళింది నాలుగో క్లాసు దాకానే గానీ, దొరికిన కాగితమల్లా చదివి పెరిగినదాన్ని. ఇంటి ముందు ఇడ్లీ అమ్ముతాను, పొట్లాలకి పాత కాగితాలు కొంటాను. ముందు చదువుతాను, తరవాతే కడతాను. ఈలోగా చట్నీ కారిపోతే గిరాకీలు ఓర్చుకోవాలి. పోయినేడాది పాన్సొడాన్ వీధిలో పాత పుస్తకాల బండి మీద అట్ట లేని లెక్కల పుస్తకం దొరికింది, ఇంగ్లీషుది. డిక్షనరీ పక్కన పెట్టుకుని ఆఖరి అధ్యాయం ఒక్కటి మిగిల్చి అంతా చదివేను. అందులో సంభావ్యత అని ఒక పాఠం. పేరు చూసి భయపడక్కర్లేదు. ఎన్నిట్లో ఎన్ని, అంతే.

నాలుగున్నర లోపల ఆ పాఠం పార్వతి బుర్రకెక్కించి తీరాలనుకున్నాను. డబ్బా ఇల్లు దాటకూడదు, మిషను ఇంటికి రావాలి!

పని మొదలెట్టబోతుంటే కరెంటొచ్చింది. కరెంటొస్తే మోటారు, మోటారొస్తే నీళ్ళు. మళ్ళీ ఎప్పుడో ఎవరికి తెలుసు? పరిగెత్తుకెళ్ళి గబగబా తలంటుకున్నాను. తుడుచుకునేలోపే కరెంటు పోయింది. జుట్టు ఆరాలి గదా, వదిలేసేను. చీకటిగా ఉందని దేవుడి గూట్లో దీపం వెలిగించి దాని ముందే పీట వేసుకున్నాను. స్టీలు గిన్నెలన్నిట్లో పప్పు నానుతోంది, అందుకని ఇత్తడి కుండ దింపేను. కేలెండరు కాగితం చింపి సున్నా సున్నా నుంచి తొంభై తొమ్మిది దాకా వంద చీటీలు రాసి, మడిచి, కుండలో సగం బియ్యం పోసి పైన వేసేను. బియ్యమెందుకంటే, దానితో ఇంకో పాఠం ఉంది.

శ్రోతలు ముగ్గురు. డబ్బా ఒళ్ళో పెట్టుకుని పార్వతి. మా ఆయన మేనత్త సూరమ్మత్త, ఆవిడకి తెలియని కల లేదు. పక్కింటి డా మ్యా, బర్మా ఆవిడ; డా అంటే మన 'గారు' లాంటిది. తెలుగు అంతా అర్థమవుతుంది, మాట్లాడేది మాత్రం మూడు ముక్కలే.

"వినండి," అన్నాను. "టూడీలో వంద అంకెలు. నీది ఒకటి. నూటికి ఒక్కటే ఆశ! గెలిస్తే వంద రెట్లిస్తే సరికి సరి. వాడిచ్చేది ఎనబై. మిగతా ఇరవై ఎవడి పొట్టలోకి?"

"ఎవడి పొట్టలోకి?" అంది డా మ్యా భయంగా.

"దళారీ పొట్టలోకి! ఇంక త్రీడీ. మూడంకెలు. ఇలాంటి కుండలు పది పెట్టి, పదిట్లోనూ కలిపి ఒకే చీటీ నీదనుకో. వెయ్యిట్లో ఒకటి. ఇచ్చేది అయిదారొందల రెట్లు. సగానికి సగం గాలికి!"

"మరి సర్కారు లాటరీ?" అంది సూరమ్మత్త.

దానికోసమే బియ్యం! ఒక గింజ తీసి పసుపు నీళ్ళలో ముంచి చూపించేను. "టికెట్ మీద ఆరంకెలు. ఆ పైన అక్షరాలు. అంకెలకే పది లచ్చల్లో ఒకటి. ఈ వీధిలో ఉన్న బియ్యమంతా ఒక్కచోట పోసి, ఈ పచ్చ గింజ అందులో కలిపి, కళ్ళు మూసుకుని తియ్యి చూద్దాం!" అంటూ గింజని కుండలో విసిరేను. "మూడిట్లో టూడీయే నయం గదా అంటావేమో. అదే అన్నిటికన్నా పాడుది! దగ్గర్లో ఉన్నట్టు కనిపిస్తాది, రోజుకి రెండు మాట్లు పిలుస్తాది, ఆ ఎనబై చూపించి నిన్ను కొంచెం కొంచెంగా నమిలేస్తాది!"

నా గొంతు కొంచెం పెద్దదే. గుమ్మంలో నలుగురు చేరేరు. ఇంకా మంచిది, వీధి మొత్తానికి బుద్ధొస్తుందనుకున్నాను.

"ఇప్పుడు నీ ఇరవై ఏడు వస్తాదేమో తీస్తాను, చూడు!" చీటీలు బియ్యంలోకి దిగిపోయేయి. కలపడానికి చేతికి గరిట అందలేదు. పురుగు పట్టకుండా బియ్యంలో వేసే వేపరొబ్బ ఉంది గదా, బియ్యం డబ్బాలోంచి అది లాగి గిరగిరా తిప్పేను. చీటీ తీసి పార్వతి చేతికిచ్చేను. "ఏటొచ్చింది?"

"అరవై నాలుగు," అంది.

"ఇరవై ఏడొచ్చిందా?"

"లేదమ్మా."

అమ్మా? వదినని పట్టుకుని అమ్మా అంటుందేమిటి! నేనప్పుడే గమనించుకోవాల్సింది. ఆవేశంలో ఉన్నాను. తల విదిలించి, వేపరొబ్బ దాని మొహం మీద ఆడించి అరిచేను. "ఆ డబ్బా గుమ్మం దాటిందంటే కాళ్ళిరగ్గొడతాను! నామాటంటే నామాటే!"

తడిజుట్టు నీళ్ళు అందరి మీదా చిమ్మేయి. సూరమ్మత్త లేచి నిలబడి రెండు చేతులూ జోడించింది.

"శాంతించు తల్లీ, శాంతించు!"

వెక్కిరిస్తోందనుకున్నాను. ఈలోగా ఎవరో కర్పూరం వెలిగించేరు. ఇంకెవరో నా కాళ్ళ మీద పసుపు నీళ్ళు పోసేరు. డా మ్యా మోకాళ్ళ మీద పడి మూడుసార్లు నేలకి తలానించింది. వాళ్ళ నాట్ దేవతలు కూడా ఇలాగే మనుషుల మీదకొస్తారు, ఆవిడకి ఇందులో వింతేం లేదు. గుమ్మంలోంచి "అరవై నాలుగంట! అరవై నాలుగంట!" అంటూ మాట వీధిలోకి పరిగెత్తింది.

"అత్తా, నీకేటైనా మతిపోయిందా? నాను లెక్కలు సెప్తన్నాను!"

"మరేనమ్మా, మరే. శుక్కురోరం, జుట్టారబోసుకుని, గూటికాడ దీపమెట్టి, కుండా ఏపాకూ పసుపూ... మాకు తెల్దేటి? అయినా మా నరసమ్మకి పది లచ్చల లెక్కెలాగొస్తాదమ్మా? నాలుగో కలాసు సదివింది! నువ్వు పలికితే గాని!"

ఇంత మాటా! నలభై యేళ్ళు కళ్ళు పుండ్లు చేసుకుని చదివిన చదువు ఒక్క వాక్యంలో అమ్మోరి ఖాతాలోకి వెళ్ళిపోయింది. ఆవిడకి గట్టిగా సమాధానం చెబుదామని తిరిగి చూద్దును గదా, పార్వతి లేదు. డబ్బా లేదు!

పరిగెత్తేను. చెప్పులు లేవు. జుట్టు విరబోసే ఉంది. చేతిలో వేపరొబ్బ ఉందని గాని, నుదుట ఎవరో ఇంత కుంకం పెట్టేరని గాని నాకు తెలీదు. "ఆగవే గుంటా!" అని అరుస్తూ పోతుంటే జనం రోడ్డుకి రెండువైపులా తప్పుకుని దండాలు పెడుతున్నారు. సైకిలు రిక్షావాడు దిగి నిలబడ్డాడు. వెనక్కి చూస్తే సూరమ్మత్తతో సహా సగం వీధి నా వెంటే!

మూల మీద టీ కొట్లో కూర్చుంటాడు దళారీ, కో టున్. అక్కడ పార్వతి డబ్బా గుండెలకి పెట్టుకుని ఏడుస్తోంది.

"మూసీసేడు వొదినా! అరవై నాలుగు మూసీసేడు!"

విషయమేమిటంటే, ఒకే అంకె మీద జనమంతా పడితే, ఖర్మకాలి అదే వస్తే, దళారీ మునిగిపోతాడు. అందుకని వేడెక్కిన అంకెని మూసేస్తాడు. నాకంటే ముందు అరవై నాలుగే వచ్చి చేరింది వాడి దగ్గరకి. మా వీధిలో సంభావ్యత తెలిసినవాడు నా తరవాత వాడొక్కడే! మెచ్చుకుందామనుకునేలోపు నన్ను చూసి లేచి చేతులు కట్టుకున్నాడు.

"డా నరసమ్మా, మీ అమ్మోరికి చెప్పండి, నా మీద కోపం వద్దని. రేపు కొబ్బరికాయ కొడతాను."

నాలుగున్నరైంది. అందరూ ఫోన్ల మీద పడ్డారు. వచ్చింది పంతొమ్మిది.

అందరూ ఫోన్లు దించేరు. ఆ నిమిషం నా జీవితంలోకెల్లా తియ్యనిది. "చూసేరా! ఇరవై ఏడూ రాలేదు, అరవై నాలుగూ రాలేదు! ఇప్పుడేటంటారు?"

సూరమ్మత్త వేళ్ళు మడిచి లెక్కపెడుతోంది. తల ఎత్తేసరికి ఆవిడ కళ్ళలో నీళ్ళు.

"ఆరూ నాలుగూ పది. ఒకటీ తొమ్మిదీ పది. బ్రేకొకటే! తల్లి సరిగ్గానే సెప్పింది. ఆ ముడి ఇప్పడం మనకి సేతకాలేదు!"

రెండంకెలూ కూడితే వచ్చే దాని తోకని టూడీవాళ్ళు బ్రేకంటారు. "అలాగొచ్చే అంకెలు వందలో పదున్నాయి అత్తా! పదిట్లో ఒకటి! కళ్ళు మూసుకుని రాయేసినా తగులుతాది!" అని మొత్తుకున్నాను. వినేవాళ్ళేరీ? అందరూ లెంపలేసుకునే హడావుడిలో ఉన్నారు.

పార్వతి కళ్ళు తుడుచుకుంది. మొహం వెలిగిపోతోంది. "అయితే సోమారం ఆ పది అంకెలూ ఆడీస్తాను. డబ్బా మొత్తం!"

అప్పుడు నాకు అర్థమైంది. లెక్కల వల్ల అయ్యే పని కాదిది. శని, ఆదివారాలు ఆట లేదు, కాబట్టి రెండు రోజులు బోధించొచ్చు. నేనెంత బోధిస్తే అన్ని అంకెలు ఏరుకుంటారు! నేను చదివిన పుస్తకాలన్నిటికీ మనసులోనే క్షమాపణ చెప్పుకున్నాను. కళ్ళు పైకి తిప్పేను. వేపరొబ్బ ఎత్తి, కాలితో నేలని తన్నేను.

"ఓలే గుంటా! నానిచ్చిన సొమ్ము ఎవడి పాలు సేస్తన్నావే!"

టీ కొట్టు టీ కొట్టంతా చేతులు జోడించింది.

"మిసను కొనే! సోమారం పొద్దు తిరక్కముందు మిసను ఇంట్లో ఉండాల! అంకెల జోలికెల్తే సూదిలో దారం నిలబడనివ్వను!"

పార్వతి కాళ్ళ మీద పడింది. "అలాగే తల్లీ! ఏ కంపెనీది కొనమంటావు తల్లీ?"

దీనికి నేను సిద్ధపడలేదు. "గారంటీ ఉన్నది!" అని అరిచేను.

"మరి నీకేటి ఎట్టమంటావమ్మా?" అంది సూరమ్మత్త.

చీటీలు రాసే హడావుడిలో మధ్యాహ్నం అన్నం తినలేదు. ఎదురుగా మూకుడులో నూనె మరుగుతోంది. అమ్మోరికి ఆ పూట బజ్జీల మీద మనసైంది. కొట్టు యజమాని పళ్ళెం నిండా తెచ్చి పెట్టేడు, నాలుగు తిని శాంతించేను.

మా ఆయన బోటాటౌంగ్ గిడ్డంగిలో పని దిగి వచ్చేసరికి ఇంటి ముందు ముగ్గు, గుమ్మానికి వేపాకు. సంగతంతా విని, నావైపు ఒకసారి చూసి, "పెళ్ళైన కాడ్నించీ నాకు తెలుసు. మీకే ఇప్పుడు తెలిసింది," అన్నాడు.

సోమవారం మిషనొచ్చింది. గారంటీ ఉంది, కరెంటు పోతే కాలితో తొక్కే వీలుంది. అమ్మోరికి తట్టని సంగతి పార్వతికి తట్టింది. ఆ కొట్టాయనకి దండం పెట్టి మానేసి, ఇప్పుడు ఇంట్లోనే కుడుతోంది. అంకెల మాటెత్తడం లేదు. దారం తెగితే మాత్రం నావైపు భయంగా చూస్తుంది. మొత్తానికి నేను పట్టిన పట్టు గెలిచింది. ఎవరు గెలిపించేరన్న దాని గురించి నేను వాదించదల్చుకోలేదు.

ఒక్కటే బాధ. అట్ట లేని ఆ లెక్కల పుస్తకానికి సూరమ్మత్త పసుపూ కుంకం పెట్టి, గూట్లో అమ్మోరి పటం పక్కన కూర్చోబెట్టింది. ఆఖరి అధ్యాయం నేనింకా చదవలేదు. దాన్ని ముట్టుకోవాలంటే తలంటుకుని ముట్టుకోవాలట. తలంటుకున్నానా, జుట్టు ఆరేలోపు వీధంతా కాగితం, పెన్సిలు పట్టుకుని గుమ్మంలో ఉంటుంది!