వారానికో వృత్తి

ఆ రచయితకున్న జబ్బు ఒక్కటే. ఫారంలో ఒకసారి రాసిన వృత్తిని మళ్ళీ రాయడు.

సొంత దేశం వెళ్ళగొట్టిన మనిషి. ఆయన పుస్తకం అక్కడి పెద్దలకు గిట్టలేదు. ఇక్కడికొచ్చి ఏడేళ్ళు. ఒక్క వాక్యం రాయలేదు. పలకరించే దిక్కూ లేదు. ప్రతి సోమవారం పరదేశీయుల కార్యాలయంలో మూడో కిటికీ దగ్గర ఫారం నింపి సంతకం చేయాలి. ఆ కిటికీ గుమాస్తమ్మకు ఆదివారమే తలనొప్పి మొదలయ్యేది.

"గొడుగుల వైద్యుడా? ఇదేం వృత్తి పెద్దాయనా?"

"విరిగిన ఊచకు కట్టు కట్టాను. బతికింది."

"పోయిన వారం పావురాలు లెక్కపెడుతున్నానన్నారు?"

"మానేశాను. కుదురుగా ఉండవు."

"రచయిత అని రాస్తే మీ సొమ్మేం పోయింది?"

"సర్కారు కాగితం మీద అబద్ధం రాయమంటావా గుమాస్తమ్మా?"

వృత్తి మారితే కొత్త ఫైలు తెరవాలని నిబంధన. అట్ట, దారం, ఎనిమిది ముద్రలు. ఆమె శాపనార్థాలు పెడుతూ కొట్టేది. ఆయన కదలకుండా చూసేవాడు.

"ఏడోది సరిగా పడలేదు," అనేవాడు.

ఆ ఏడాది, పనిలేని కిటికీలు మూసేయమని ఉత్తర్వు వచ్చింది. మూడో కిటికీకి వచ్చేది ఈయనొక్కడే. మూస్తే గుమాస్తమ్మకు దూరపు ఊరికి బదిలీ. ఇంట్లో చూస్తే మంచం పట్టిన తల్లి.

"వచ్చే నెల తనిఖీ. నేను పోతాను, మీ పీడా నాకు విరగడవుతుంది," అంది. గొంతులో మాత్రం ఆ సంతోషం లేదు.

ఆయన సంతకం చేసి వెళ్ళాడు. మర్నాడు వచ్చాడు.

"ఇవాళ మంగళవారం పెద్దాయనా!"

"తెలుసు. రాత్రి వృత్తి మారింది. కుర్చీల కిర్రు పరీక్షకుడు. రాసుకో."

బుధవారం మెట్లు లెక్కపెట్టేవాడయ్యాడు. గురువారం పొగమంచు సలహాదారు. సెలవులు తప్ప ఒక్క రోజు మానలేదు.

తనిఖీ అధికారి బీరువా తెరిచాడు. నెలలో ఇరవై రెండు కొత్త ఫైళ్ళు.

"మిగతా కిటికీల్లో మూడేసి కూడా లేవు. ఇంత పని ఒక్కరే ఎలా లాగుతున్నారమ్మా?" అని జాలిపడి, కిటికీ ఉంచమని రాసి వెళ్ళిపోయాడు.

సోమవారం ఆమె ఫారం అందుకుంటూ అడిగింది.

"కావాలనే చేశారు కదూ?"

"నేనేం చేశాను? ఏ ఉద్యోగంలోనూ నిలవలేకపోయాను."

"ఇక రోజూ రానక్కర్లేదు."

ఆయన తల ఊపాడు. వెళ్ళలేదు. ఆమె కొత్త అట్ట తీసింది.

"మా అమ్మకు సాయంత్రాలు పొద్దుపోదు. కథలు చెప్పే మనిషి కావాలి. చేస్తారా?"

ఆయన కలం మూత తీశాడు.

"అనుభవం అడుగుతారా?"