ఇంకొక్క కీర్తన

నా చిన్నప్పుడు మా ఖరగ్‌పూర్‌లో ఊరికీ ఊరికీ మధ్య దూరాన్ని ఎవరూ మైళ్లలో చెప్పేవారు కాదు. బాలీచక్ అంటే అరగంట, పాంస్కుడా అంటే గంట, హౌరా అంటే లోకల్ బండిలో మూడు గంటలకి కాస్త అటూ ఇటూ. న్యూ సెటిల్‌మెంట్‌లో మా లైన్లో, అంటే రైల్వే క్వార్టర్ల వరసలో, ఉన్న తెలుగువాళ్లందరి ఇళ్లలోనూ ఎవరో ఒకరు రైల్వేలో పనిచేసేవారే కాబట్టి ఆ లెక్కలు మాకు ఉగ్గుపాలతో పాటే వచ్చేవి. ఎవరింటికైనా చుట్టం వస్తున్నాడంటే చాలు, అరుగుల మీద వాదన మొదలయ్యేది. సాంత్రాగాచీలో సిగ్నల్ ఇవ్వకపోతే ఇంత ఆలస్యం, మేచేదాలో ఆపి ఎక్స్‌ప్రెస్‌ని ముందుకు వదిలితే ఇంకింత అని కూడికలు. బండి వచ్చి చుట్టం గుమ్మంలోకి అడుగుపెట్టాక, ఎవరి లెక్క నెగ్గిందో తేల్చుకునేదాకా అతనికి మంచినీళ్లు కూడా అందేవి కావు.

మా తాతయ్య లోకల్ బళ్లలో గార్డుగా చేసి రిటైరయ్యాడు. ఆయన మాటకి మా లైన్లో విలువ ఎక్కువ. ఆదివారం చర్చిలో కీర్తన ఎత్తుకునేది కూడా ఆయనే. మనిషి బక్కపలచన, గొంతు మాత్రం కంచులా ఉండేది.

మా వెనకింట్లో ఒక మామ్మ ఉండేది. భర్త నిమ్‌పురా రైలింజన్ల షెడ్డులో పనిచేస్తూ చిన్న వయసులోనే పోతే, నాలుగిళ్ల బట్టలు కుట్టి ఒక్క కొడుకుని పెంచుకుంది. ఆ కొడుకు హౌరా దారిలో బౌరియా వైపు జనపనార మిల్లులో పనికి కుదిరి, శనివారం శనివారం లోకల్లో ఇంటికొచ్చేవాడు. శనివారం సాయంత్రమయ్యేసరికి మామ్మ గోడ మీదనుంచి తల పెట్టి, "అన్నియ్యా, మావోడు ఏ ఏలకొస్తాడంటావు?" అని మా తాతయ్యని అడిగేది. తాతయ్య ఆకాశం వైపు చూసి, ఏదో లెక్కేసి, ఓ మాట చెప్పేవాడు. మామ్మ దాన్నిబట్టి ఎసరు పెట్టేది. నాకు ఆవిడంటే ప్రేమా, భయమూ రెండూ ఉండేవి. మా అమ్మకి తీరిక లేనప్పుడు నాకు జడలు వేసేది ఆవిడే. కనుబొమలు పైకి లేచేంత బిగించి వేసేది.

నాకు తొమ్మిదో పదో ఏళ్లున్నప్పుడు, వానలు పట్టుకున్న శ్రావణంలో, ఒకనాటి తెల్లవారుజామున మామ్మ నిద్రలోనే పోయింది.

ఆ రోజుల్లో మావంటివాళ్లకి శవాన్ని దాచి ఉంచే వసతి లేదు. పోయిన నాడే, వెలుగుండగానే భూస్థాపన జరిగిపోవాలి. వానాకాలమైతే మరీ తొందర. మా నాన్న వెంటనే సైకిలేసుకుని స్టేషనుకి వెళ్లి, రైల్వే ఫోను మీద బౌరియాకి కబురు చెప్పించాడు. అక్కడినుంచి ఎవరో మంచివాడు మిల్లు గేటుదాకా నడిచి వెళ్లి చెప్పాడట. కాసేపటికి తిరుగు కబురొచ్చింది, అబ్బాయి లోకల్ ఎక్కేశాడని.

వాకిట్లో అందరూ తాతయ్య వైపు చూశారు. "మధ్యాన్నం రెండింటికల్లా ఇక్కడుంటాడు," అన్నాడాయన. ఎవరూ సందేహించలేదు. పాస్టరుగారిని మేం అయ్యగారు అనేవాళ్లం. ఆయన మూడింటికి ప్రార్థన పెట్టుకుందామన్నారు. వడ్రంగి పెట్టె తెచ్చాడు. మామ్మకి తెల్లచీర కట్టి, పెట్టెలో పడుకోబెట్టి, ఆవిడ ఇంటి వాకిట్లో టార్పాలిన్ పందిరి కింద రెండు బల్లల మీద ఉంచారు. మూత గోడకి చేరవేశారు. నాకు మామ్మ మొహం వైపు చూడ్డానికి భయం లేదు గాని, ఆ మూత వైపు చూడ్డానికే భయం వేసింది.

రెండయింది. మనిషి రాలేదు. మళ్లీ స్టేషనుకి వెళ్లిన నాన్న తలంతా తడిసి వచ్చాడు. గాలివానకి కోలాఘాట్ అవతల కరెంటు తీగ మీద చెట్టు పడిందనీ, అబ్బాయి ఎక్కిన బండి అక్కడి నదికి ఆవలి ఒడ్డునే నిలిచిపోయిందనీ చెప్పాడు.

మళ్లీ లెక్కలు మొదలయ్యాయి. చెట్టు తీయడానికి ఇంత, తీగ కలపడానికి ఇంత, ముందు ఆగిన బళ్లన్నీ కదలడానికి ఇంత అని వేళ్లు మడిచారు. ఒకాయన అయిదింటికన్నాడు. ఇంకొకాయన ఏడు దాటుతుందన్నాడు. ఒక ఫైర్‌మన్ మావయ్య మాత్రం తల అడ్డంగా ఊపి, "ఈ రేత్రికి రాదు," అన్నాడు. ఎప్పుడూ పావుగంట తేడా కోసం పోట్లాడుకునే మనుషులు ఆ రోజు గంటలకి గంటలు తేడాగా చెబుతున్నారు. పెద్దవాళ్లకి తెలియనిది కూడా ఉంటుందని నాకు మొదట తెలిసింది అప్పుడే. తాతయ్య ఈసారి ఏ లెక్కా వేయలేదు. ముక్కాలి పీట ఒకటి లాక్కుని మామ్మ తలవైపు కూర్చున్నాడు.

మూడింటికి అయ్యగారు ప్రార్థన మొదలుపెట్టారు. వాక్యం చదివారు. మామ్మ కష్టపడి బతికిన తీరు గురించి చెప్పారు. అన్నీ కాస్త నిదానంగానే చేశారు, మంచి మనసున్న మనిషి. అయినా నాలుగున్నరకల్లా చెప్పవలసిందంతా అయిపోయింది. ఇంతలో సమాధుల తోటనుంచి ఒకతను వచ్చి, తవ్విన గోతిలో నీరు ఊరుతోందనీ, మబ్బు మళ్లీ కమ్ముతోందనీ చెప్పాడు. వడ్రంగి సుత్తీ మేకులూ పట్టుకుని మూత దగ్గర నిలబడ్డాడు.

అయ్యగారు వంగి తాతయ్యతో మెల్లగా అన్నారు. నేను పక్కనే చాప మీద ఉన్నాను కాబట్టి వినబడింది. "పెద్దయ్యా, ఇక మూసేద్దాం. చీకటి పడితే మోసేవాళ్లకి కష్టం. బండి సంగతి మన చేతుల్లో లేదు కదా."

ఆయన అన్నదాంట్లో తప్పేమీ లేదు. తాతయ్య కూడా కాదనలేదు.

"అలాగే అయ్యగారూ. ఇంకొక్క కీర్తన పాడీసి మూసేద్దుము," అన్నాడు.

లేచి నిలబడి ఎత్తుకున్నాడు. అది మా అందరికీ నోటికొచ్చిన చిన్న కీర్తన, నాలుగే చరణాలు. కానీ ఆయన దాన్ని అంత నెమ్మదిగా పాడగా నేనెప్పుడూ వినలేదు. పల్లవి మూడుసార్లు, ఒక్కో చరణం రెండేసిసార్లు, ఒక్కో మాటనీ సాగదీసి పాడాడు. ఆఖరి చరణం అయిపోతుండగా ఇద్దరు మగవాళ్లు వంగి మూత ఎత్తబోయారు. తాతయ్య ఊపిరి తీసుకోకుండానే మరో కీర్తన అందుకున్నాడు. వాళ్లు మూత దించి మళ్లీ నిలబడ్డారు. అదీ ముగింపుకొచ్చింది. మూడోది మొదలైంది. దుఃఖంలో మాట మరిచిపోయాడేమో అనుకుని జనం మొహాలు చూసుకున్నారు.

నేను అయ్యగారి వైపు చూశాను. ఆయన కళ్లు తెరిచి తాతయ్యని చూశారు, మూతని చూశారు, మబ్బుని చూశారు. కోప్పడతారనుకున్నాను. ఆయన చేతిలోని పుస్తకం మూసి చంకలో పెట్టుకుని, అరచేతులు రెండూ కలిపి మెల్లగా తాళం వేయడం మొదలుపెట్టారు.

అంతే. ఇంకెవరికీ చెప్పవలసిన పని లేకపోయింది. ఆడవాళ్లు గొంతు కలిపారు. ఎవరో డోలక్ తెచ్చారు. కుర్రవాళ్లు నలుగురు చప్పుడు చేయకుండా బకెట్లు పట్టుకుని గోతిలో నీళ్లు తోడడానికి వెళ్లిపోయారు. మామ్మ చేత బట్టలు కుట్టించుకున్న తెలుగు దుకాణదారులు కొందరు అప్పటిదాకా గేటు బయట చేతులు కట్టుకుని నిలబడి ఉన్నారు. వాళ్లు మా చర్చివాళ్లు కారు, మా కీర్తనలు రావు. అయినా లోపలికొచ్చి, పల్లవి వచ్చినప్పుడల్లా తెలిసిన రెండు మాటలూ పట్టుకుని పాడారు. పక్క క్వార్టర్‌లోని బెంగాలీ దాదా తన కూతురు నేర్చుకునే హార్మోనియం మోసుకొచ్చి తాతయ్య కాళ్ల దగ్గర పెట్టాడు. "ఆప్ గాతే రహియే చాచా, సుర్ మై దేతా హూఁ," అన్నాడు. మీరు పాడుతూ ఉండండి, శ్రుతి నేనిస్తానని. ఒక్క నిమిషంలో తాతయ్య గొంతుకి సరిపడే మెట్టు పట్టుకున్నాడు.

ఎంతసేపు పాడామో నాకు తెలీదు. ఆ రోజు ఎవరూ గడియారం చూడలేదు. ఒకరు వెళ్లి మంచినీళ్లు తాగి వస్తే మరొకరు వెళ్లేవారు, పాట మాత్రం తెగేది కాదు. ఏడుపు పాటలు అయిపోయి, పండగ పాటలు వచ్చాయి, పెళ్లి పాటలు కూడా వచ్చాయి. నా అరికాళ్ల కింద వాకిట్లోని ఇటుకలు సన్నగా అదురుతున్నాయి. మామ్మ మొహం వైపు చూస్తే, గోడ మీదనుంచి తల పెట్టి ఏదో అడగబోతున్నట్టే ఉంది. రోజూ నేను చూసే మనుషులే వీళ్లు. నీళ్ల పంపు దగ్గర బిందెల కోసం తిట్టుకునేవాళ్లు, జీతం రోజున తాగి వచ్చేవాళ్లు, మా బంతి వాళ్ల పెరట్లో పడితే తిరిగివ్వనివాళ్లు. వాళ్లందరూ కలిసి ఒక్క మనిషి కోసం సాయంత్రాన్ని పట్టి ఆపుతున్నారు. దేవుడు ఎలా ఉంటాడో నేనెప్పుడూ ఊహించుకోలేకపోయాను గాని, ఆ వాకిట్లో మాత్రం నాకు ఆయనంటే భయం లాంటిది కలిగింది.

వెలుగు బాగా తగ్గాక తాతయ్య గొంతు పోయింది. పాట మధ్యలో నోరు తెరిచాడు, గాలి తప్ప ఏమీ రాలేదు. హార్మోనియం ఒక్కటే మోగింది. ఒక్క క్షణం అందరూ ఆగిపోయారు. వడ్రంగి చెయ్యి సుత్తి మీదికి వెళ్లడం చూశాను. అప్పుడు ఆడవాళ్ల మధ్యనుంచి ఒక గొంతు లేచింది. బొంగురుగా, శ్రుతికి దూరంగా, వణుకుతూ ఉంది. మా నాయనమ్మది. చర్చిలో పెదవులు కదిపేది తప్ప ఏనాడూ పైకి పాడని మనిషి. ఆవిడ ఆ చరణం ఒంటరిగా పాడేసింది. పల్లవికి జనమంతా అందుకున్నారు.

ఆ పాటలోనే గేటు దగ్గర జనం పక్కకి జరగడం కనిపించింది.

మా నాన్నా, ఇంకో ఇద్దరూ అప్పటికి మళ్లీ స్టేషనుకి వెళ్లి ప్లాట్‌ఫారం మీద కళ్లు కాయలు కాసేలా చూస్తున్నారు. మామ్మ కొడుకు అటునుంచి రానేలేదు. ఆగిన బండి దిగి, పట్టాల వెంట నడిచి, పెద్ద రోడ్డెక్కి, ఇటుకల లారీ ఒకటి పట్టుకుని ఊరిదాకా వచ్చి, అక్కడినుంచి పరిగెత్తుకొచ్చాడు. మోకాళ్ల దాకా బురద. ఒక కాలికి చెప్పు లేదు. తాతయ్య అతన్ని చూశాడు, చూసి కూడా పాట ఆపమని సైగ చేయలేదు. అతను తల్లి దగ్గరికి వచ్చి, పెట్టె అంచు పట్టుకుని మోకాళ్ల మీద కూలబడేదాకా పాడుతూనే ఉన్నాం. అప్పుడు నాయనమ్మ ఆపింది. అందరం ఆపేశాం.

అతను తల్లి బుగ్గ నిమిరాడు. తర్వాత తాతయ్య వైపు తలెత్తాడు.

"మూసీసుంటారనుకున్నాను మావయ్యా. తోటకే ఎల్దామని పరిగెడతన్నాను. మన లైను మలుపు కాడ పాట ఇనబడ్డాది. ఇనబడ్డాక కాళ్లు కదల్లేదు. అక్కడే నిలబడి ఏడిసీసినాను."

తాతయ్య అతని తల మీద చెయ్యి పెట్టాడు.

సన్నటి జల్లు పడుతుండగా, లాంతర్ల వెలుగులో భూస్థాపన జరిగింది. కుర్రవాళ్లు నీళ్లు తోడుతూనే ఉన్నారు, అయ్యగారి బట్టలు ముద్దయిపోయాయి. ఆలస్యమైందని ఒక్కరూ అనలేదు. అబ్బాయి ఎక్కిన బండి ఎన్నింటికి చేరిందో ఆ తర్వాత ఎవరో చెప్పారు. మా లైన్లో మొట్టమొదటిసారి ఆ సంగతి ఎవరూ పట్టించుకోలేదు.

తాతయ్య గొంతు చాలా రోజులదాకా రాలేదు. మిరియాల పాలు తాగుతూ సైగలతో నడిపించాడు. ఓ సాయంత్రం ఆయన పక్కన కూర్చుని, నన్ను తొలుస్తున్న ప్రశ్న అడిగాను. అతను అప్పటికి వచ్చేస్తాడని నీకు లెక్క తెలుసు కదా తాతయ్యా, అందుకే కదా పాడావు అని.

ఆయన నా చెవి దగ్గరికి వంగి గుసగుసగా, "తెల్దమ్మా," అన్నాడు. "తెల్దు గాబట్టే పాడినాను."

ఆ మాట అప్పుడు నాకు సగమే అర్థమైంది. లెక్క తెలిసినప్పుడు ఆగడం ఎవరైనా చేస్తారు. ఎప్పుడొస్తాడో, అసలు వస్తాడో రాడో తెలియనివాడి కోసం ఆగాలంటే ఏదో ఒకటి చేస్తూ ఉండాలి. మా తాతయ్యకి పాట వచ్చు కాబట్టి పాట పాడాడు.

నేను ఇప్పటికీ ఖరగ్‌పూర్‌లోనే ఉంటున్నాను. ఏ బండి ఎక్కడుందో ఫోన్లో కనబడుతోంది. మంచిదే. కానీ చెట్లు పడుతూనే ఉన్నాయి, బళ్లు ఆగుతూనే ఉన్నాయి, మనుషులు దారిలో చిక్కుకుపోతూనే ఉన్నారు. ఆస్పత్రి వరండాలో గాని, చావింటి వాకిట్లో గాని, రావలసినవాళ్లు రాక జనం నేలచూపులు చూస్తూ, మూత వేసేద్దామా అన్న మాట ఎవరి నోటనుంచి వస్తుందా అని కూర్చున్నప్పుడు, నేను గొంతు సవరించుకుంటాను. నాకు తాతయ్య గొంతు రాలేదు, నాయనమ్మ గొంతే వచ్చింది. మొదటి చరణం ఎప్పుడూ ఒంటరిగానే, శ్రుతి లేకుండానే పాడుతాను. పల్లవి దగ్గరకి వచ్చేసరికి పక్కనుంచి ఎవరో ఒకరు అందుకుంటారు. ఇంతవరకూ అందుకోని రోజు లేదు.