సిరిగేరి నుంచి నోరు మూసుకొని

నా భార్య రత్నమ్మకు అరతల నొప్పి. పొద్దు పొడవగానే కుడి కణత దగ్గర మొదలై మధ్యాహ్నందాకా వదలదు. మూడు నెలలుగా తెల్లవారితే చాలు, ఆమె చీకటి గదిలోకి పోయి పడుకుంటోంది. బళ్ళారి డాక్టర్లు మాత్రలిచ్చారు, కళ్ళద్దాలు మార్పించారు. చివరకు మా బట్టలంగడికి వచ్చే ఒక రైతు సిరిగేరి రుద్రావధానుల పేరు చెప్పాడు. ఆయన పోయి ఐదారేళ్ళయినా, కూతురు సుబ్బక్క విభూతి ఇస్తోందట.

మధ్యాహ్నం రెండు గంటల సిరుగుప్ప బస్సెక్కి సిరిగేరి క్రాసులో దిగాను. అక్కడున్నది ఒకే ఎద్దులబండి. ఒకే బండి ఉన్నచోట బేరం సాగదని తెలిసీ బేరమాడాను, అలవాటు. బండి తోలే నాగిరెడ్డి నవ్వి ఊరుకున్నాడు. దారికి రెండు వైపులా కొత్త కాలువ నీళ్ళతో పచ్చగా వరి. ఆ దారంతా అవధానుల కథ చెప్పాడాయన.

చిన్నతనంలోనే వేదం ముగించిన అవధానులు, మంత్రానికి నిజంగా శక్తి ఉందా, ఉంటే అది ఎక్కడ ఉంటుంది అని బతుకంతా వెతికారట. పండితుల జవాబులు నచ్చక గొర్రెల కాపరుల దగ్గరా, దిష్టి తీసే ముసలమ్మల దగ్గరా, తేలుకాటుకు మంత్రం వేసేవాళ్ళ దగ్గరా కూర్చొని అడిగి తెలుసుకున్నారు. అవధాని చెడిపోయాడని పెద్దలు ఆయన్ను శుభకార్యాలకు పిలవడం మానేశారు. ఆయన చూసింది ఒకటే: అదే మంత్రం ఒక నోట పనిచేస్తుంది, ఇంకో నోట పనిచేయదు.

"శక్తి నీళ్ళంట, మంత్రం గట్టంట. వట్టి మాటలుండాయే, అవి ఎండ్రకాయ బొక్కలంటప్పా. బొక్కలుంటే గట్టు ఎంత ఎత్తున్నా నీళ్ళు నిలుస్తాయా?" అన్నాడు నాగిరెడ్డి. అందుకే ఈ పక్క ఊళ్ళలో ఏటా కాలువ నీళ్ళు మొదటిసారి మడికి కట్టే మనిషి నోరు విప్పడట. ఆ లెక్కన నా గట్టులో మట్టికన్నా బొక్కలే ఎక్కువ అనుకున్నాను.

రాత్రి నాగిరెడ్డి ఇంట్లోనే జొన్నరొట్టె, పుండికూర. తెల్లవారుజామున సుబ్బక్క ఇంటికి నడిచాం. అరవై దాటిన మనిషి, మడిబట్టలో అరుగు మీద కూర్చొని ఉంది. రత్నమ్మ సంగతి అంతా విని, విభూతి పొట్లం కట్టి నా చేతిలో పెట్టింది. ఎంతివ్వాలని అడిగాను. ధర లేని సరుకు మీద మాకు నమ్మకం కుదరదు.

"దుడ్డు వద్దప్పా. ఆయమ్మ నొసట పెట్టేదాకా నోరు తెరవొద్దు, అంతే."

బస్సులో టికెట్టుకైనా మాట్లాడవచ్చా అని అడిగాను. వద్దంది. సైగ చేస్తే? అదీ మాటేనంది. క్రాసుదాకా మౌనంగా పోయి, అక్కడినుంచి...

"గట్టుకు సగం బొక్క ఉంటాదా శెట్టప్పా?" అంది నెమ్మదిగా.

జన్మలో మొదటిసారి అడిగిన ధరకే ఒప్పుకున్నాను.

నాగిరెడ్డి బండిలో క్రాసుకు చేరేసరికి ఏడు గంటల బళ్ళారి బస్సు దొరికింది. మూడో వరుసలో సండూరు గనుల గుత్తేదారు కూర్చొని ఉన్నాడు. కూలీలకు కంబళ్ళు నా అంగట్లోనే కొనిపించాలని ఏడాదిగా నేను వెంటపడుతున్న మనిషి. నన్ను చూసి తనే పక్కకు జరిగి చోటిచ్చాడు.

"కంబళ్ళు కావల్ల శెట్టప్పా. నీ తావ ఉండాయా, ఇంగో అంగడి చూసుకోవల్లా?"

నా గోదాములో అటక తగిలేంత ఎత్తున ఉన్నాయి. నాలుక పళ్ళకు వచ్చి తగిలింది. కణత పట్టుకొని గోడవైపు తిరిగి పడుకున్న రత్నమ్మను తలుచుకొని, ముందు సీటు కమ్మీ గట్టిగా పట్టుకున్నాను. తల కూడా ఊపలేదు.

"ఏంది, పలకవు? నా దుడ్డు దుడ్డు కాదా?"

కండక్టరు వచ్చి యాడికని అడిగాడు. డబ్బులు చాపాను. మళ్ళీ అడిగాడు. బస్సంతా నావైపే చూస్తోంది. అప్పుడు వెనక సీటులో వంకాయల గంప ఒళ్ళో పెట్టుకున్న ముసలామె నా పిడికిట్లోని పొట్లం చూసింది.

"ఆయప్ప సుబ్బక్క కాడ్నుంచి వస్తాండాడు. సుమ్నే ఊరకుండండప్పా, పలకరించొద్దు. బళ్ళారికి కొయ్ టికెట్టు."

కండక్టరు టికెట్టు చించి నా జేబులో పెట్టాడు. ఆ తర్వాత ఏ స్టేజిలోనూ ఈల ఊదలేదు, అరచేత్తో తలుపు తట్టేవాడు. ఏడుస్తున్న బిడ్డను ఎవరో ముందుకు తీసుకుపోయారు. గుత్తేదారు లేచి కిటికీ పక్క సీటు నాకిచ్చాడు. కంబళ్ళు మాత్రం మా ఎదురంగట్లో కొన్నాడని తర్వాత తెలిసింది. అవధానుల్ని నేను చూడలేదు. ఆయన మాట మీద ఒక బస్సెడు జనం, ముక్కూ మొహం తెలియని నా పెళ్ళాం తలనొప్పి కోసం ఊపిరి బిగబట్టి కూర్చోవడం చూశాను. వాళ్ళలో ఒక్కరికీ కృతజ్ఞత చెప్పుకోవడానికి నాకు నోరు లేదు. అందుకే ఇది రాస్తున్నాను.

తొమ్మిది దాటాక ఇల్లు చేరాను. మామూలుగా వీధి మొగలో ఉండగానే నా గొంతు ఇంట్లోకి పోతుంది. ఆ రోజు చీకటి గది తలుపు తోసేసరికి రత్నమ్మ ఉలిక్కిపడింది.

"ఎవరూ?"

పక్కన కూర్చొని నొసట విభూతి పెట్టాను. నా వేళ్ళు తడిమి గుర్తుపట్టింది.

"మీరా? అలికిడే లేదే."

ఇక మాట్లాడవచ్చు. బండి, బస్సు, కంబళ్ళు, ఎన్ని కబుర్లో. నోరు తెరవబోయాను. ఆమె కళ్ళు మూసుకొని నా చెయ్యి కణత మీదికి లాక్కుంది.

"ఇంకాసేపు ఇట్లనే ఉండండి," అంది.

ఉన్నాను.