అతుకు కింద వదిలిన పొర

ఎనిమిదేళ్లుగా ఒక అబద్ధాన్ని మోస్తున్నాను. దాన్ని నోటితో ఆడలేదు, చేత్తో చేశాను. ఇంట్లో ఎవరికీ తెలియదు. మీరు నన్ను ఎరగరు కాబట్టి మీకు చెప్పగలుగుతున్నాను.

కామారెడ్డిలో ఒక హార్డ్‌వేర్ దుకాణంలో పనిచేస్తాను. కప్పులకు అంటించే తారు షీట్లు అమ్ముతాం. పిలిచిన చోటికి వెళ్లి నేనే వేస్తాను. మా అన్న ఎల్లారెడ్డి దగ్గర ఒక పటేల్ ఇంట్లో పాలేరుగా జీతం ఉండేవాడు. ఒక వానాకాలం పటేల్ ఆయన్ని చెక్క షెడ్డు మీద టార్పాలిన్ కప్పమని ఎక్కించాడు. కప్పు చెక్కలు పుచ్చిపోయాయని పటేల్‌కు తెలుసు. చెప్పలేదు. చెక్క విరిగింది. ఆసుపత్రికి చేరేలోపే అన్న పోయాడు.

మరుసటి ఎండాకాలం పటేల్ నుంచి దుకాణానికి కబురొచ్చింది. అదే షెడ్డు. కొత్త చెక్కలు కొట్టించాడట, పైన షీటు వేయాలట. కాదనవచ్చు. ఎందుకు వెళ్లాను? అన్న పడిన చోటు చూడటానికని అప్పుడు నాకు నేను చెప్పుకున్నాను. ఇప్పుడు ఆ మాట నమ్మను.

షీటుకు కింది వైపు జిగురు తారు ఉంటుంది, దాని మీద పల్చని ప్లాస్టిక్ పొర. ఆ పొర ఒలుస్తూ షీటు పరిచి, రోలరుతో ఒత్తాలి. చూరు నుంచి మొదలుపెట్టి పైకి పోవాలి. పై షీటు కింది దాని మీదికి బెత్తెడు ఎక్కాలి. నీళ్లను ఆపేది ఆ బెత్తెడు అతుకే. మొదటి వరస సరిగ్గానే వేశాను. అప్పుడు పటేల్ వచ్చి నిచ్చెన కింద నిలబడ్డాడు.

"చూస్కోని నడు తమ్మీ. మీ అన్న గుడ్డోని లెక్క నడిచిండు."

"చెక్కలు పుచ్చినయని ఆయనకు ఎవరన్న చెప్పిండ్రా, పటేలా?"

"ఎక్కేటోనికి కండ్లుండాలె. ఎక్కిచ్చేటోడు చెప్తడా ఏంది? అది సరేగని, మంచిగుంటదా ఈ షీటు?"

"మీరు మరిచిపోరు, పటేలా."

"గట్లుండాలె పని!" అని నవ్వి వెళ్లిపోయాడు.

ఆ తర్వాత ప్రతి అతుకులోనూ బెత్తెడు పొర ఒలవకుండా వదిలేశాను. ఎండకు మెత్తబడిన షీటు మీద రోలరు నడిపితే అంతా అతుక్కున్నట్టే కనిపించింది. నిజం చెప్పాలంటే సంతోషం వేసింది. వాన కొట్టినప్పుడల్లా నీళ్లు అతుకులోకి దూరి చెక్కల్లో నిలుస్తాయి, పైన మాత్రం నల్లగా, నున్నగా ఉంటుంది. ఒకనాడు ఆయన ఎక్కుతాడు. పడతాడు. ఎల్లారెడ్డి వైపు మబ్బు పట్టినప్పుడల్లా నా కడుపు చల్లబడేది.

పటేల్ ఎప్పుడైనా కప్పు ఎక్కాడా? ఎక్కించేవాడే కదా. ఇంత చిన్న సంగతి నాకు తట్టలేదా? తట్టింది. మీకు చెప్పవలసింది అదే. దిగేటప్పుడే తట్టింది. నిచ్చెన మీద ఆగాను కూడా. మళ్లీ ఎక్కి ఆ పొరలు ఒలవడానికి ఇంకా చాలా పొద్దుంది. దిగిపోయాను.

మూడు వానాకాలాలు గడిచాక, కప్పు మీదికి పాకిన తీగ నుంచి సొరకాయలు తెంపమని పటేల్ తన కూలి మల్లవ్వను ఎక్కించాడు. చెక్క విరిగి ఆమె పడింది. మోకాలు నుజ్జయింది. మా అన్న వయసే ఆమెది. నాట్లలో ఆమె ముందు ఎవరూ నిలిచేవారు కాదు. ఇప్పుడు కర్ర లేనిదే వాకిలి దాటదు.

చూడటానికి వెళ్లాను. నన్ను పక్కన కూర్చోబెట్టుకుంది.

"నువ్వేసిన షీటు మంచిగనే ఉండె తమ్మీ, అద్దం లెక్క. పటేలే ఖరాబు చెక్కలు కొట్టిచ్చిండు."

ఊరంతా ఆ మాటే అంది. పటేల్‌ను నానా తిట్లు తిట్టారు. వాళ్లతో పాటు నేనూ తిట్టాను. అంతకంటే సిగ్గుచేటు, ఆ తిట్లు వింటుంటే నాకు హాయిగా ఉండేది. పటేల్ ఆ షెడ్డు విప్పించి చెక్కలు పొయ్యిలో పెట్టించాడు. అతుకులు ఎవరూ విప్పి చూడలేదు.

పటేల్ మీద కోపం ఈ రోజుకీ తగ్గలేదు. తగ్గాలనీ నాకు లేదు. మా అన్నను చంపింది ఆయన. మల్లవ్వ కాలు విరగ్గొట్టింది నేను. ఈ రెండో వాక్యం ఇంతవరకూ ఎక్కడా రాయలేదు, ఎవరితోనూ అనలేదు. ఇప్పుడు రాశాను. ఛాతీ కొంచెం తేలికైంది. ఆమె కాలు అలాగే ఉంది.